వియ్యంకుడు చెప్పిన పాస్తా

వికారాబాదు,
గురువారం

తాండూరు బండల మిల్లులో పనిచేసే మత్తయ్యకు వియ్యపురాలు హన్మమ్మ దీవించి రాసేది. ప్రభువు దయవల్ల ఇక్కడ అందరం బాగున్నాం, నా కడుపు తప్ప.

ఫోన్ ఉండగా ఉత్తరం ఏమిటని నవ్వకు. మొన్న గ్యాస్ ఏజెన్సీవాడి గొంతు పెట్టి "అమ్మా, గ్యాస్ బండ పట్టుకొని రోడ్డు మీదికి రా" అని ఫోన్ చేసింది నువ్వే. నేను ఖాళీ సిలిండర్ పక్కన పెట్టుకొని ఎండలో నిలబడ్డాను. దారిన పోయే ప్రతి ఆటోవాడూ "ఎక్కుతవా అమ్మా?" అని అడిగాడు. అందుకే ఇక నీతో ఏ మాటైనా కాగితం మీదే, కింద సంతకంతో. మా పక్కింటి ప్రేమ్‌సాగర్ రోజూ రైల్లో తాండూరుకు డ్యూటీకి వస్తాడు. అతని చేతికిస్తున్నాను.

సంగతి నీ బిడ్డది. జ్యోతిరాణి ల్యాబులో రక్తాలు తీసే పని చేసుకొని, పొద్దుగూకినంక ఇల్లు చేరుతుంది. వచ్చి ఏం వండుతుంది? అన్నం లేదు, రొట్టె లేదు. పాస్తా! ఆ గొట్టాలు ఉడకబెట్టి, బొబ్బర్లు, బీన్సు, క్యారెట్ కలిపి, "అత్తమ్మా, అరగంటల అయిపోయింది, తిను" అంటుంది. పిల్లలు వేళ్లకు తొడుక్కొని తినే పచ్చ గొట్టాల్లాంటివే కదా అని, నిన్న ఆమె లేనప్పుడు గుప్పెడు తీసి కాగే నూనెలో వేశాను. ఒక్కటీ పొంగలేదు. ఎర్రగా మాడి రాళ్లయ్యాయి. ఒకటి కొరికితే దవడ పన్ను కదిలింది. మీ మిల్లులో పాలిష్ పట్టడానికి మిగిలినవి పంపమంటావా?

నేను ఒక మాట అనుకున్నాను. రాత్రిపూట ఇంట్లో అన్నం వండే మనిషి ఉండాలి. ఈ నెలాఖరుకు జ్యోతిరాణి ఉద్యోగం మానాలి. నా కొడుకు కుమారస్వామికి చెప్పాను. వాడు "నువ్వెట్లంటె అట్లనే అమ్మా" అని, పెండ్లాం వైపు చూడకుండా తలూపాడు. కన్నతండ్రివి, నువ్వు కూడా బిడ్డకు ఒక మాట చెప్పు.

పన్ను పట్టుకొని,
హన్మమ్మ

తా.క.: రాత్రి నేను రెండోసారి పెట్టించుకున్న మాట నిజమే. అది ఆకలికి, రుచికి కాదు. నీ బిడ్డ ఫోన్‌లో వేరే రకంగా చెబితే నమ్మకు.


తాండూరు,
శనివారం

హన్మమ్మక్కకు తమ్ముడు మత్తయ్య రెండు చేతులా వందనాలు.

నీ ఉత్తరం చదివి ఇంట్లో ప్రార్థన చేశాం. నీ పన్ను కోసం కాదు, వృథా అయిన నూనె కోసం.

అక్కా, ఇన్నాళ్లూ నీకు చెప్పని ముచ్చట ఒకటుంది. ఆ పాస్తా నా బిడ్డకు నేర్పింది ఎవరనుకున్నావు? నేనే. మిల్లు నుంచి వచ్చి, బండల దుమ్ము కడుక్కొని, రోజూ రాత్రి వంట చేసేది నేనే. మా ఇంటిది రెబెక్క కాళ్లు చాపుకొని సీరియల్ చూస్తుంటుంది. నేను ప్లేటు చేతికిచ్చి "జర ఉప్పు సరిపోయిందా సూడు రెబెక్కా" అంటాను. ఆమె టీవీ మీద నుంచి కన్ను తియ్యకుండానే తలూపుతుంది. అంత సుఖపడుతోంది నీ వదిన.

ఇది ఎంత అల్కటి పనో, ఎంత తేలికో రాస్తాను, రాసుకో. పొద్దున్నే బొబ్బర్లు నానెయ్యి. సాయంత్రం కుక్కర్‌లో పెట్టి, పక్క పొయ్యి మీద నీళ్లు మసలనిచ్చి, ఉప్పేసి గొట్టాలు వెయ్యి. వార్చేటప్పుడు ఆ గంజి ఒక గిలాసు పక్కన పెట్టు, అంతా తీసుకెళ్లి పక్కింటి బర్రె కుడితిలో పొయ్యకు. మూకుడులో నూనె, ఎల్లిపాయ, ఉల్లిగడ్డ వేగినంక క్యారెట్, బీన్సు, టమాట మగ్గించు. బొబ్బర్లూ గొట్టాలూ అందులో కలిపి, గిలాసెడు గంజి పోసి, మిరియాల పొడి చల్లి దించు. అంతే. దీన్ని ఆడవాళ్లు ఒక పని అనుకోవడం చూస్తే నాకు నవ్వొస్తుంది.

అసలు కిటుకు గొట్టం ఉడికిందో లేదో చూడటంలో ఉంది. చేత్తో నలిపి చూడటం పల్లెటూరి పద్ధతి. ఒకటి తీసి పెదవుల మధ్య పెట్టుకొని ఊదాలి. ఈల వస్తే ఉడకనట్టు. రాకపోతే ఉడికినట్టు. పెద్ద హోటళ్లలో వంటమాస్టర్లంతా ఇట్లాగే ఊదుతారు.

బిడ్డ ఉద్యోగం జోలికి పోకు అక్కా. చదువుకున్న పిల్ల.

వంట గరిటె పక్కన పెట్టి రాస్తున్న
మత్తయ్య

తా.క.: ఒక్కరు ఊదితే నమ్మకం లేదు. నలుగురు ఊదాలి.


వికారాబాదు,
గురువారం

మత్తయ్య తమ్ముడికి, నిన్నటి నుంచి ఊళ్లో తలెత్తుకోలేని హన్మమ్మ రాసేది.

బుధవారం రాత్రి ప్రార్థన కూటం మా ఇంట్లో పడింది. ప్రార్థన అయ్యాక వచ్చినవాళ్లకు అన్నం పెట్టడం మా పద్ధతి, నీకు తెలుసు. ల్యాబులో పని ఎక్కువుండి జ్యోతిరాణి రాలేదు. చూసి చూసి, నీ ఉత్తరం గూట్లో ఆనించి పెట్టుకొని నేనే పాస్తా పొయ్యి మీద వేశాను.

ఉడికిందో లేదో చూడాలి కదా. నలుగురు ఊదాలన్నావు. స్త్రీల సమాజం పెద్ద మొగులమ్మను, మరో ముగ్గురిని వంటింట్లోకి పిలిచి తలా ఒక గొట్టం ఇచ్చాను. అందరూ కండ్లు మూసుకొని ఒక్కసారే ఊదారు. సరిగ్గా అప్పుడే పాస్టరుగారు గుమ్మంలోకి వచ్చి, "కొత్త పాట నేర్చుకుంటున్నరా అమ్మా? ఏ రాగం?" అని అడిగారు. వేడి గొట్టం తగిలి మొగులమ్మ మూతి గారెలా వాచింది. "గిట్ల ఊదమని నీకెవడు సెప్పిండే?" అని ఆమె నా మీద పడితే నీ పేరు చెప్పక తప్పలేదు.

పేరుతో ఆగలేదు తమ్మీ. సాక్ష్యాలు చెప్పే వేళ లేచి, మా వియ్యంకుడు రోజూ రాత్రి తన చేత్తో వండి పెండ్లానికి పెడతాడని చెప్పాను. ఆడవాళ్లు ముక్కు మీద వేలేసుకున్నారు. "గసుంటి మొగడు గూడ ఉంటడా?" అన్నారు. మొగులమ్మ వాచిన మూతితోనే నన్ను నిలదీసింది. "ఆయన బండలు మోసొచ్చి వండుతుంటె, ఇంట్ల కూసున్న నీకేం రోగం? కోడలి కొలువెందుకు తీపిస్తవ్?"

అందుకే సూటిగా అడుగుతున్నాను. నువ్వు నిజంగా వండుతున్నావా? నిజమైతే నీ బిడ్డ ఉద్యోగం ఉంటుంది. ఎప్పటిలాగే తమాషాకు రాసి ఉంటే, నెలాఖరు మాటే మాట. సంతకం పెట్టి జవాబు రాయి.

హన్మమ్మ

తా.క.: పాస్టరుగారు మళ్లీ అడిగి పెట్టించుకున్నారు. ముందు రాగం రానివేనా అని చూసుకొని మరీ తిన్నారు.


తాండూరు,
శుక్రవారం

సాక్ష్యం చెప్పి నా పేరు నిలబెట్టిన హన్మమ్మక్కకు తమ్ముడి వందనాలు.

నీ ఉత్తరం మిల్లులో గట్టిగా చదివాను. కటింగ్ మిషన్ ఆపి మరీ నవ్వారు మావాళ్లు. రాగం దగ్గర మేస్త్రీకి పొలమారి, నెత్తి మీద తట్టవలసి వచ్చింది.

నిజంగా వండుతున్నానా అంటావా? అయ్యో అక్కా! బైబిలు మీద చెయ్యి పెట్టి చెప్పేవాణ్ణే, అద్దాలు కనపడక ఏది బైబిలో తెలియడం లేదు. వండుతున్నాను. నిన్నా వండాను, ఇవాళా వండుతాను. ఇంకా చెప్పమంటే, రేపు రెబెక్క ఏదైనా ఉద్యోగానికి పోతానన్నా నాకు ఏ ఫికరూ లేదు. సంతోషంగా పొమ్మంటాను. వచ్చేసరికి వేడివేడి ప్లేటు పీట ముందు ఉంటుంది. రాత్రి అన్నం ఎవరు వండుతారని అడిగి ఆడదాని కొలువు ఆపేవాడు కూడా ఒక మనిషేనా? నిన్ను అనలేదులే అక్కా, మాట వరసకు అన్నాను.

కాబట్టి జ్యోతిరాణిని దాని పని చేసుకోనియ్యి. ఇదిగో సంతకం, కింద గీత కూడా కొడుతున్నాను.

మత్తయ్య

తా.క.: మొగులమ్మగారి మూతికి వెన్న రాయమను. ఈల మాత్రం మానొద్దను. క్రిస్మస్ పాటలకు పనికొస్తుంది.


వికారాబాదు,
ఆదివారం

మత్తయ్య తమ్ముడికి అక్క హన్మమ్మ కడుపు నిండా తిని రాసేది.

సంతకం అందింది. గీత బాగా కొట్టావు.

మొగులమ్మ మూతి బంగారంలా ఉంది. మా ఇంట్లో ఎవరూ ఏ గొట్టమూ ఊదలేదు. పాస్టరుగారు రాగమూ అడగలేదు. నువ్వు మిల్లులో చదివి నవ్వించడానికి పనికొస్తుందని నేనే కూర్చొని అల్లాను. నీ ఒక్కడికేనా చేతనయ్యేది?

నువ్వు వండవని మొదటి ఉత్తరంలోనే తెలిసింది. నానెయ్యడం రాశావు, వార్చడం రాశావు, టీవీ ముందు ప్లేటు పెట్టడం రాశావు. అడుగంటిన మూకుడు ఎవరు తోమారో ఒక్క ముక్క లేదు. రోజూ వండే మనిషి మొదట ఏడ్చేది దాని గురించే.

అయితే, బుధవారం నేను వండిన మాట నిజం. ఇంట్ల కూసున్న నీకేం రోగమని మొగులమ్మ అడిగిన మాటా నిజం. నీ బిడ్డ దగ్గర విని నువ్వు రాసిన పద్ధతి కూడా, ఊదుడు తీసేస్తే, నిజమే. అరగంటలో అందరి ముందు ప్లేట్లు పెట్టాను. మరునాడు కూడా వండాను. పనిదినాల్లో రాత్రి వంట ఇక నాది. జ్యోతిరాణి ఉద్యోగం మానదు. కుమారస్వామి మళ్లీ తలూపాడు, ఈసారి పెండ్లాం వైపు చూసే.

ఇక నీ సంగతి. నీ ఉత్తరాలు రెండూ రెబెక్క వదినకు ఫోన్‌లో చదివి వినిపించాను. సీరియల్ దగ్గర పగలబడి నవ్వింది. ఆడదాని కొలువు ఆపేవాడు మనిషేనా అన్న చోట నవ్వు ఆగిపోయింది. "జర మల్ల సదువు వదినా" అంది. మళ్లీ చదివాను.

అప్పుడు చెప్పింది. "పోయినేడు బడిపిల్లల యూనిఫారాలు కుట్టే సెంటర్ల నాకు పని ఇస్తమన్నరు వదినా. పోత అన్న. 'రాత్రి అన్నం ఎవరు వండుతరే?' అన్నడు మీ తమ్ముడు. గంతే, మల్ల అడగలే."

ఉత్తరంలో నేనన్న మాటను నువ్వు నాకంటే ముందే అన్నావన్నమాట. నా మాట నేను వెనక్కి తీసుకున్నాను. నీ మాట నువ్వు వెనక్కి తీసుకోవాల్సిన పని కూడా లేదు, కొత్తది సంతకం పెట్టి పంపావు కదా. వదిన శనివారమే సెంటర్‌కు పోయి అడిగి వచ్చింది. రమ్మన్నారు. రేపు సోమవారం నుంచి పనిలో చేరుతుంది. ఇల్లు చేరేసరికి బాగా చీకటి పడుతుంది, ఆకలితో వస్తుంది. పాస్తా ప్యాకెట్లు, బొబ్బర్లు, మూకుడు తోమే పీచు ఒకటి ప్రేమ్‌సాగర్ చేతికిచ్చి పంపుతున్నాను.

నీ మంచి కోరే అక్క,
హన్మమ్మ

తా.క.: ఉప్పు చూసి వెయ్యి తమ్మీ. ఎక్కువైతే వదిన నిన్నేమీ అనదు, మంచి మనిషి. నాకు ఉత్తరం రాస్తుంది.