కొలంబియా కథ విన్నాక

మంగళవారం రాత్రి

పాపకు స్కూల్లో కొలంబియా అంతరిక్ష నౌక మీద ప్రాజెక్టు. అన్నం తింటూ చెప్పింది. "ఎగిరినప్పుడు ఇంధనం ట్యాంకు మీది ఫోమ్ ముక్క ఊడి రెక్కకి తగిలినాదమ్మా. అంతకుముందు కూడా ఊడినాదట. ఏటీ అవ్వనేదని ఊరుకున్నారు. తిరిగొస్తంటే ఏడుగురూ పోయినారు."

నేను కంచం పక్కకు జరిపాను. పొద్దున పోర్టులో నేను తనిఖీ చేస్తుంటే క్రేన్ ఇనుప తాడుకు రెండు పోగులు తెగి కనిపించాయి. "పోయిన నెలా ఇలాగే ఉంది గదా, ఏటయినాది? తనికీ కాయితం మీద సంతకం ఎట్టీమ్మా" అన్నాడు సూపర్‌వైజర్ రాజన్న. పెట్టేశాను.

ఇందాక రాజన్నకు ఫోన్ చేశాను.

"అన్నా, నా సంతకం సెల్లదు. రేపు క్రేన్ ఆపాల."

"నీ ఉద్యోగం సంగతి ఆలోసించినావా?" అని ఫోన్ పెట్టేశాడు.

ఆలోచిస్తూనే ఉన్నాను. షిఫ్టు ఆరింటికి. ఐదున్నరకే వెళ్లి, ఆపరేటర్ ఎక్కకుండా క్రేన్ మెట్లకు అడ్డంగా నిలబడాలి. ఒక్కదాన్నే అయినా.