గింజ పట్టిన పూలు

అక్టోబర్ 16, 1983

ఎడమచెయ్యి వేడినీళ్లకి కాలి కట్టుతో ఉంది. అందుకని ఈ ఏడు చలికి కిటికీ బిగించే పని దెమిద్‌కి అప్పగించాను. మొగుడితో పని చేయించుకోవాలనుకోవడం నాదే బుద్ధి తక్కువ. కిటికీకున్న రెండు వరసల అద్దాల తలుపుల మధ్య దూది పరిచాడు, బాగానే ఉంది. దాని మీద పెట్టడానికి దిబ్బ మీంచి వాడనిపూలు తెమ్మంటే గింజ పట్టినవి తెచ్చాడు! అవి జులైలో, సగం విచ్చినప్పుడే కొయ్యాలి. అప్పుడే ఆ ఊదారంగు చలికాలమంతా నిలుస్తుంది. నేను కోసి అటక మీద కట్టిన కట్టని ఎలుకలు కొరికేశాయి, అది వేరే సంగతి. ముట్టుకుంటే రాలేవి తెస్తావా, చేతకాకపోతే చెప్పొచ్చుగా అని నోటికొచ్చినట్టు తిట్టాను. వాటినే దూది మీద పేర్చాడు. గాలి దూరకుండా సందులకి జిగురుతో కాగితాలు అంటించాడు. అన్నీ వంకర.

జనవరి 11, 1984

దెమిద్ పోయాడు. ట్రాక్టర్ షెడ్డులో. హార్ట్ అట.

ఫిబ్రవరి 19

ఆయన పోయి నలభయ్యో రోజు. తేనె కలిపిన గోధుమలు తిని, మంచి మనిషని చెప్పి అందరూ వెళ్లిపోయారు. కిటికీ ముందు కూర్చున్నాను. ఆ రెండు అద్దాల మధ్య ఉన్నది అక్టోబర్ గాలి. జిగురు ఆరాలని ఉఫ్ ఉఫ్‌మని ఊదాడు. ఆ ఊపిరి లోపలే ఉండాలి. ఎక్కడికి పోతుంది?

ఏప్రిల్ 19

ఈస్టర్ ముందు గురువారం. ఊరంతా కిటికీలు తెరిచి కడుగుతోంది. నేను తెరవలేదు. మీ కోడలికి ఒంట్లో బాగాలేదా అని పక్కింటి హోర్పినా మా అత్తని అడిగిందట. అత్తకి ఎనభై దాటాయి, నోటికి మాత్రం ఇరవయ్యే. ఏమే మెలాష్కా, నా కొడుకుని అందరం కలిసి మట్టిలో పెట్టాం కదే, నువ్వెప్పుడు తెచ్చి ఆ అద్దాల మధ్య పెట్టుకున్నావు అంది. నీ నోరు పడిపోను అనుకున్నాను. కోళ్లగూటి దగ్గరికి పోయి ఏడ్చాను. కొడుకు పోయిన మనిషిని తిరిగి ఏమనగలను?

మే 6

తెరవలేదు. అత్త మళ్లీ అడగలేదు.

మే 23, మధ్యాహ్నం

తెరిచాను.

పొద్దుటి నుంచి ఒకటే ఉక్క. అత్తకి ఆయాసం. ఆ గదికి ఉన్నది అదొక్కటే కిటికీ. మొండి మనిషి, పెదాలు నీలం తిరుగుతున్నా తెరవమనదే! మంచం మీంచి చెయ్యి చాపి కిటికీ అద్దానికి ఆనించింది, అంతే. నా వల్ల కాలేదు. కాగితాలు గోళ్లతో పీకేసి రెండు తలుపులూ లాగాను. గాలి ఒక్కసారిగా కొట్టింది. పూలు పొడిపొడై నా మీద రాలాయి. ఆయన ఊపిరి ఎటు పోయిందో దేవుడా, ఎటు పోయిందో. నేల మీద కూలబడి గొంతు పోయేలా ఏడ్చాను.

అత్త తేరుకుంది. దూది ఒళ్లో వేసుకుని గింజలు ఏరడం మొదలుపెట్టింది. ఏరుతూనే అంది, అక్టోబర్‌లో దిబ్బ మీద గింజ పట్టనివి ఇంకేం ఉంటాయే, ఆ మోకాళ్లతో నీకోసం ఎక్కాడు అని. ఆ రోజు నేను తిట్టాక ఆవిడ దగ్గరికి పోయి నవ్వాడట. చెయ్యి మండుతోందమ్మా దానికి, అరవనీ అన్నాడట.

ఇన్నాళ్లూ ఎందుకు చెప్పలేదని అడిగాను. నీ మీద కోపంతో అంది.

మే 24

అత్తని పట్టుకుని మెల్లగా నడిపించుకెళ్లాను. సమాధి మీద ఆవిడ కర్రతో గీసింది, నేను గింజలు వేశాను. గుప్పెడు కూడా లేవు.

ఆగస్టు 28

వానల్లేవు. ఒక్కటే మొలిచింది, ఒక్కటే పూసింది. ఇప్పుడే కోసి కిటికీకి దాచుకో, రంగు ఉంటుంది అంది హోర్పినా. చెయ్యి వేశావంటే విరగ్గొడతానన్నాను. గింజ రాలాలి.

అక్టోబర్ 14

కిటికీ బిగించాను. కాగితాలు వంకరగానే అంటించాను. మధ్యలో దూది ఒక్కటే. ఆఖరి కాగితం అంటించే ముందు అత్తని లేపి కూర్చోబెట్టి, సందులోంచి లోపలికి ఊదమన్నాను. ఉఫ్ ఉఫ్‌మని ఊదింది.