క్షమాపణ లేఖను కోర్టులో పెట్టిన మేనేజరు గారికి

జేత్‌పూర్,
సంవత్సరి దినం

బ్యాంకు మేనేజరు శ్రీ పరిమళ్‌భాయి గారికి,

నేడు సంవత్సరి. ఏడాది పొడవునా తెలిసీ తెలియక నొప్పించిన సకల జీవులనూ క్షమాపణ వేడి, మనసులోని వైరాన్ని విడిచిపెట్టే పుణ్యదినం. జైనులమైన మేము ఈ రోజు బంధువులకూ, బేరగాళ్లకూ, పగవారికీ 'మిచ్ఛామి దుక్కడం', అంటే నా తప్పులన్నీ మన్నింపబడుగాక, అని రాస్తాము. నిరుడు మీకూ రాశాను.

ఆ లేఖనే మీ వకీలు రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌లో దాఖలు చేసి, నేను మోసం ఒప్పుకున్నానని వాదించారు. అప్పులో కొంత తగ్గించి మిగతాది కట్టించుకోమని నేను కోరిన రాజీ మోసగాడికి వర్తించదు కనుక మా చీరల అద్దకం షెడ్డును వేలం వేయాలన్నారు. న్యాయమూర్తి గారు లేఖ చదివి, "వకీలు సాబ్, మా పక్కింటాయన కూడా ఏటా నాకిలాగే రాస్తాడు. ఆయన నాకెంత బాకీ అంటారు?" అని అడిగారు. వేలం ఆపి, ఆ లేఖను పక్కనపెట్టి రాజీని మళ్లీ పరిశీలించమని మిమ్మల్ని ఆదేశించారు. మీ నిర్ణయం ఇంకా రాలేదు.

"ఈసారి ఆయనకు మాత్రం రాయకండి బాపూజీ. మళ్లీ పట్టుకెళ్లి కోర్టులో పెడతాడు," అంది మా కోడలు హేతల్.

"పెట్టుకోనీ అమ్మా. ఆయన కోసం నా ధర్మం మానుకోనా?" అన్నాను.

కాబట్టి రాస్తున్నాను. నా మాట వల్ల మీ మనసు నొచ్చి ఉంటే క్షమించండి. వరదలో సరుకు మునిగి వాయిదాలు తప్పాను. దాచింది ఏమీ లేదు. చేయని మోసానికి క్షమాపణ నా కలం నుంచి రాదు. రాజీని ఈ లేఖలో యాచించను, న్యాయస్థానం ఎదుటే అడుగుతాను. దీన్ని కూడా నిస్సంకోచంగా దాఖలు చేసుకోండి.

మీ తర్వాత ఆ కుర్చీలో కూర్చునేవారికీ, నా తర్వాత ఆ షెడ్డులో రంగులు కలిపేవారికీ, ఒకరినొకరు క్షమాపణ అడగడానికి భయపడని కాలం ప్రాప్తించుగాక.