గాజు గొట్టంలోని తీగ

నస్పూర్,
14-8-1966, ఆదివారం.

చిరంజీవి కొండల్‌కు,

ఇబ్రాహీం దీవించి రాయించే ఉత్తరం. అల్లా దయవల్ల ఇక్కడ నేనూ, మీ ఖుర్షీద్ చాచీ, మా బిడ్డ సలీమా బాగున్నాం. అక్కడ బెల్లంపల్లిలో నువ్వూ, బాలలక్ష్మీ, మీ అవ్వ ఐలవ్వా కుశలమని తలుస్తాను. డాక్టరమ్మకు నా సలాం చెప్పు. మన ఆసుపత్రి బండికి కూడా చెప్పు. అది నీకంటే ముందు నుంచీ నాకు చుట్టం.

నీ ఉత్తరం మొన్న శుక్రవారం చేరింది. దూదిలో చుట్టి కవరులో పెట్టిన ఫ్యూజు గాజు గొట్టం పగలకుండా వచ్చింది. పోస్టు జవాను కవరు నొక్కి నొక్కి చూసి, ఏం మందో అనుకుని, జాగ్రత్తగా తెచ్చి చాచీ చేతికిచ్చాడట. నీకు ఉర్దూ రాదు, నాకు తెలుగు రాత రాదు. అందుకని నేను చెబుతుంటే సలీమా రాస్తోంది. నేనేమో మన తీరున చెబుతాను, ఆమె దాన్ని బడి తెలుగు చేస్తుంది. చదువుతుంటే ఎవరో పంతులు మాట్లాడినట్టు ఉంటే ఆ తప్పు నాది కాదు.

ముందు నాకున్న కోపం చెప్పనీ. ఆరు నెలల నుంచి వారానికి రెండుసార్లు పేషెంట్లను తీసుకుని మంచిర్యాల దాకా వస్తున్నావు. అక్కడి నుంచి నస్పూర్ ఎంత దూరం? ఒక్కనాడైనా నా గడప తొక్కలేదు. స్ట్రెచర్ మోసే నిన్ను పక్క సీట్లో కూర్చోబెట్టుకుని, క్లచ్చు తొక్కినప్పుడల్లా తిట్టి తిట్టి, మూడేళ్ళు డ్రైవరీ నేర్పినవాణ్ణి. ఆ రోజు నేను నలుగురిలో నీమీద అరిచినందుకు ముఖం చాటేశావా, లేక నా సీట్లో కూర్చున్నానన్న సిగ్గా? నీ ఉత్తరంలో "మాఫ్ చెయ్యి ఉస్తాద్" అని నాలుగుచోట్ల రాశావట. సలీమా లెక్కపెట్టి మరీ చెప్పింది. ఒక్కసారి వచ్చి చాయ్ తాగితే ఆ నాలుగూ రాసే పని ఉండేది కాదు.

సరే, పనిలోకి వస్తాను. నీ కష్టం నాకు అర్థమైంది. వారం, పది రోజులకోసారి ఫ్యూజు పోతోంది. పోయినప్పుడు హారన్ మోగదు, లోపలి దీపం వెలగదు, వెనక తలుపు మీది దీపం వెలగదు. మొన్న మందమర్రి బజారులో హారన్ లేక, ప్రసవానికి పోతున్న కొమురవ్వను బండిలో పెట్టుకుని, కిటికీలోంచి తల బయటపెట్టి "జరుగుండ్రి, జరుగుండ్రి" అని నువ్వే హారన్ అయ్యావట. చాచీ నవ్వింది. నాకు నవ్వు రాలేదు. మన కాంపౌండర్ ముత్తయ్య అందరితో, "ఇబ్రాహీం నడిపిన దినాలల్ల ఒక్కపారి గూడ గిట్ల కాలే. చేతుల పనితనం ఉండాలె" అంటున్నాడని రాశావు. ఇంకొక్కసారి బండి ఇలా చేస్తే కరీంనగర్ నుంచి వేరే డ్రైవర్‌ను పిలిపిస్తానని డాక్టరమ్మ అన్నదని కూడా రాశావు. ఏడాదిన్నర ఫ్యూజు పోకుండా నేనెలా నడిపానో ఆ కిటుకు చెప్పమన్నావు. చెప్పకపోతే ఆ రోజు నువ్వు తీసి పారేసిన తీగనే మళ్ళీ చుట్టేస్తానన్నావు.

కొండల్, ఆ పని మాత్రం చెయ్యకు. నామీద ఆన పెట్టి చెబుతున్నాను. మన బొగ్గుబాయిల ఊళ్ళలో రాళ్ళు పేల్చే మందుకు కట్టే రంగు తీగ ఇంటింటికీ ఉంటుంది. మంచాలకు అదే, బట్టలారేసుకోవడానికి అదే, మేకను కట్టెయ్యడానికీ అదే. చేతికి దొరికింది కదా అని ఫ్యూజు జాగాలో దాన్ని చుడితే బండి నడుస్తుంది, నిజమే. కానీ లోపల ఎక్కడో రెండు తీగలు అంటుకున్నప్పుడు ఆ గాజు గొట్టంలోని సన్న తీగ తాను కాలిపోయి మిగతా బండిని కాపాడుతుంది. దాని ఉద్యోగమే అది. రంగు తీగ మొండిది, కాలదు. అది కాలకపోతే కాలేది డ్యాష్‌బోర్డు వెనక ఉన్న మిగతా తీగలు, వాటి వెనక పెట్రోలు, దాని పక్కన స్ట్రెచర్ మీద లేవలేని మనిషి. కిటుకు సంగతి అంటావా, అదేదో నా చేతి చలువ అనుకో.

నువ్వు పంపిన గొట్టాన్ని కిటికీ దగ్గర వెలుతురుకు పెట్టి చూశాను. నడిమిలో తీగ తెగడమే కాదు, గాజు లోపలంతా మసి పట్టి ఉంది. పాతబడి తెగిన ఫ్యూజైతే గాజు తెల్లగానే ఉంటుంది. మసి పట్టిందంటే ఒక్కసారిగా కాలిందన్నమాట. అంటే నీ ఫ్యూజుల్లో దోషం లేదు, నీ చేతిలోనూ లేదు. ఎక్కడో ఒక తీగ ఒళ్ళు గీరుకుని బండి రేకుకు తగులుతోంది.

ఇప్పుడు నేను చెప్పినట్టు చెయ్యి. బండి ఆపి తాళంచెవి తీసి జేబులో వేసుకో. బ్యాటరీ తీగ ఒకటి విప్పెయ్యి. స్టీరింగుకు ఎడమ పక్క, కింద, మోకాలు కొట్టుకునే చోట నల్ల మూత ఉంటుంది. నా మోకాలికి అక్కడ ఇంకా కాయ ఉంది. ఆ మూత తీస్తే రెండు గొట్టాలు పక్కపక్కన పట్టీల్లో బిగించి ఉంటాయి. పైది హారన్‌కూ దీపాలకూ. కిందిది వైపరుకూ, బ్రేకు దీపానికీ, పెట్రోలు ముల్లుకూ. నిన్ను బాధ పెట్టేది పైదే అయినా కిందిదాన్ని కూడా తీసి చూడు. కింది గొట్టం వెనక కూడా తీగ చుట్టి ఉంటుంది. ఎందుకుందని అడగకు, తీసి పారెయ్యి. తీసి రెండు పట్టీలనూ గరుకు కాగితంతో మెరిసేదాకా రుద్ది, కొత్త గొట్టం పెట్టు. దాని మీద ముప్పైయైదు అని అంకె ఉండాలి. దుకాణంవాడు యాభైది ఇచ్చి ఇది ఇంకా గట్టిదని చెబితే తీసుకోకు.

గొట్టం మంచిదో కాలిందో కంటికి తెలియకపోతే టార్చి తీసుకో. స్విచ్చి వేసి అడుగు మూత విప్పు. గొట్టం ఒక కొసను లోపలి సెల్లుకూ, ఇంకో కొసను టార్చి రేకు అంచుకూ ఆనించు. బల్బు వెలిగితే గొట్టం మంచిది. ఈ ఉపాయం నిన్న సలీమా చెప్పింది. బడిలో నేర్పారట. రెండేళ్ళ కిందట ఈ పిల్ల నాకు చెప్పి ఉంటే బాగుండేది. ఇంకొకటి, కాలిన గొట్టాన్ని అక్కడికక్కడే పారెయ్యి. పనికొస్తుందని మంచివాటితో కలిపి డబ్బాలో వెయ్యకు. నాకు ఆ అలవాటు ఉండేది.

ఇక రోగం ఎక్కడుందో చెబుతాను. నీ ఉత్తరాన్ని సలీమాతో మూడుసార్లు చదివించుకున్నాను. ఫ్యూజు పోయిన ప్రతిసారీ నువ్వు ఏదో పేషెంటును దింపావు, లేదా ఎక్కించుకున్నావు. ఖాళీ బండితో తిరిగినప్పుడు ఒక్కసారీ పోలేదు. మన బండికి వెనక తలుపు మొత్తం ఒక్క పలకగా పైకి లేస్తుంది కదా. స్ట్రెచర్ పెట్టడానికి దాన్ని రోజుకు పదిసార్లు ఎత్తి దించుతాం. ఆ తలుపు దీపానికి పోయే తీగ కుడి పక్క మడతబందు సందులోంచే పోతుంది. ఎత్తినప్పుడల్లా నలిగి, దించినప్పుడల్లా నలిగి, దాని రబ్బరు అక్కడ అరిగిపోయి ఉంటుంది. తలుపును సగం ఎత్తి చేత్తో తడిమి చూడు. గరుకుగా తగిలితే అదే. అక్కడ కొత్త తీగ వేయించి, పైన సైకిలు ట్యూబు ముక్క తొడుగు. ఆ తర్వాత తలుపును ఇరవైసార్లు ఎత్తి దించు. ముత్తయ్యను పక్కన నిలబెట్టి మరీ దించు.

బాలలక్ష్మికి ఏడో నెల అన్నావు. ఆమెను ఆ వానల్లో నీళ్ళబిందెలు మోయనివ్వకు. మీ అవ్వను అడిగానని చెప్పు. ఆ రోజు కొట్లాట సంగతి ఇక ఎత్తకు. నేనూ ఎత్తను.

ఇట్లు,
నీ మేలు కోరే
ఇబ్రాహీం

తా.క. ఉత్తరం ముగించి కవరు అంటించమంటే సలీమా కలం కింద పెట్టి కూర్చుంది. "అబ్బా, గిది సగం ఉత్తరమే. మిగిలింది చెప్తెనే పోస్టు డబ్బాల ఏస్త" అంటోంది. తండ్రి మాట వినని కూతురు. చాచీ కూడా దానివైపే ఉంది. అందుకని మిగిలిన సగం చెబుతున్నాను.

నువ్వు పంపిన గొట్టాన్ని చూసింది నేను కాదు. కిటికీ దగ్గర సలీమా చూసి, తీగ నడిమిలో తెగింది, మసి పట్టింది అని నాకు చెప్పింది. నాకు ఇప్పుడు పగలు, రాత్రి తేడా తెలుస్తుంది, అంతే. వరంగల్ పెద్దాసుపత్రిలో చూసి చూపు నరం ఎండిందన్నారు. కత్తి పెట్టినా రాదట.

ఇది నిన్న మొన్న వచ్చింది కాదు. రెండేళ్ళ కిందట ఒక మధ్యాహ్నం, గనిలో కాలు విరిగిన మొండయ్యను తీసుకుపోతుంటే మన బెల్లంపల్లి పక్క తాండూరు దారిలో ఫ్యూజు పోయింది. డబ్బా తీసి ఒక్కో గొట్టాన్నీ ఎండకు పెట్టి చూశాను. లోపలి తీగ కనబడలేదు. అన్నీ కాలినవే అనుకున్నాను. తర్వాత తెలిసింది, అందులో సగం మంచివే. మొండయ్య నొప్పికి అరుస్తున్నాడు. చూసిపెట్టమని ఎవరినైనా అడగడానికి నాకు నోరు రాలేదు. బండిలో మూట కట్టిన రంగు తీగ ఉంటే ఒక ముక్క తుంచి చుట్టాను. తర్వాత కిందిదానికీ చుట్టాను. ఇక ఫ్యూజు పోలేదు. నువ్వడిగిన కిటుకు ఇదే. ఆ తలుపు తీగ నా కాలంలోనే అరిగి ఉంటుంది, నాకు తెలియలేదు.

ఆరు నెలల కిందట మందమర్రి దగ్గర ఎదురొచ్చిన ఎడ్లబండిని నేను చూడనేలేదు. నువ్వు అరిచి స్టీరింగు గుంజావు. ఎండ కళ్ళలో కొట్టిందన్నాను, నువ్వు నమ్మావు. ఆ పూటే డాక్టరమ్మ దగ్గరికి పోయి, నా మోకాళ్ళు పనిచెయ్యడం లేదు, కొండల్ చెయ్యి తిరిగింది, బండి వాడికివ్వండి అని చెప్పాను. ఎవరికీ చెప్పొద్దని కూడా బతిమాలాను. నువ్వు మూత తీసి, "ఉస్తాద్, గిదేంది? ఫ్యూజు జాగల తీగ సుట్టి ఉన్నది" అని నలుగురిలో అడిగింది ఆ తర్వాత రెండు రోజులకు. అప్పటికే నేను పని మాని పోయేవాణ్ణి. "నా బండి మీద చెయ్యి వెయ్యనీకి నువ్వెవనివిరా" అని తాళాలు నీ ముఖాన కొట్టానే, అది కోపం కాదు. గుడ్డివాడై పోయాడనేకంటే కోపం వచ్చి పోయాడంటే నా పరువు నిలుస్తుందనుకున్నాను. నా సీటు నువ్వు గుంజుకోలేదు బిడ్డా. ఆరు నెలలు ఆ బరువు నీ నెత్తిన పెట్టి నేను ఇంట్లో కూర్చున్నాను. కన్ను లేనివాణ్ణి అంతమందిని బండిలో కూర్చోబెట్టుకుని తిప్పాను. వాళ్ళకేమీ కాలేదని రోజూ అల్లాకు మొక్కుకుంటున్నాను.

ఈ ఉత్తరాన్ని దాచుకోకు. డాక్టరమ్మకు చూపించు. ముత్తయ్యకు గట్టిగా చదివి వినిపించు. నా పేరు పోతే పోనీ, నీ పని నిలవాలి.

చివరి మాటను బడి తెలుగు చెయ్యకుండా నేను అన్నది అన్నట్టే రాయమన్నాను.

"బండి సాపయినంక ఒక్కపారి గిటు తోలుకరా కొండల్. గల్లీ మూల మీద ఆపి హారన్ కొట్టు. నువ్వు వచ్చినవని ఎవ్వలతోని చెప్పి పంపకు, దిగి రాకు. గా సప్పుడు ఇని నేనే బయటికొస్త."