తల కోసిన క్రిస్మస్ చెట్టు

శుక్రవారం, కడియం

వేరు పట్టింది! మా అమ్మాయి పద్మ నాటిన క్రిస్మస్ చెట్టు తల వేరు పట్టేసింది!

ఈ చెట్టు పక్క కొమ్మ నాటితే మొక్క అడ్డంగా పాకుతుందే గానీ నిలువుగా లేవదు. అందుకే పిల్ల నిరుడు మా నర్సరీలోని తల్లి చెట్టు తలే కోసి నాటింది. ఆ రోజు దాన్నెంత తిట్టానో! తమ్ముడు సత్యమైతే "చెట్టు తల నరికిన పిల్ల" అని ఊరంతా, చుట్టాలందరికీ చాటాడు. ఇవాళ కుండీ ఎత్తితే అడుగున తెల్లటి వేళ్ళు, ఆకు నలిపితే గుగ్గిలం వాసన, మొక్క నిటారుగా!

ఒళ్ళు మండింది తర్వాత. ఆ మొక్క కొనడానికొచ్చిన ఆయనతో సత్యం, "అంతా మా అన్నయ్య చేతి చలవండి" అన్నాడు. నీళ్ళ పైపు పట్టుకున్న పద్మ నా వంక చూసింది. నేను, సిగ్గులేని ముసలాణ్ణి, నవ్వి ఊరుకున్నాను. వాడి మీద ఎక్కువ కోపమో, నా మీదో...

రేపు చెప్పాలి, పద్మే చేసిందని. ముందు పద్మకి, నేను తిట్టింది తప్పని. తర్వాత ఫోన్లో పాలకొల్లు అక్కయ్యకి, నరసాపురం బావగారికి, తణుకు పిన్నికి. కొనుక్కెళ్ళిన ఆయన చుట్టం కాకపోయినా ఆయనకీ. సత్యానికి మాత్రం ఫోన్ కాదు, వాడింటికే వెళ్ళి, మరదలు వింటుండగా.