మిషనును కుశలమడిగిన మామా

ఆదివారం

ఊరొదిలి వచ్చి నేను పనిచేసే అరబ్బుల ఇంటి ముసలామెకి, అదే ఇక్కడ అమ్మా అన్నట్టు పిలిచే మా మామాకి, కంటి ఆపరేషన్ కోసం ఆసుపత్రికి ఫోన్ చేశాం. ఎత్తింది మిషను. ఇక్కడి మర్యాద ప్రకారం మామా ముందు దాన్ని కుశలమడిగింది.

"బాగున్నావా తల్లీ? పిల్లలు బాగున్నారా?"

"అర్థం కాలేదు" అని అది పెట్టేసింది. మూడుసార్లూ అంతే.

"నేనేం తప్పన్నాను?" అంటూ మామా మొహం చిన్నబుచ్చుకుంది.

నేనే నంబర్లు నొక్కి బుధవారానికి అపాయింట్‌మెంట్ తీసుకున్నాను. తర్వాత అల్లరి పుట్టి, వంటింట్లోంచి ఆమెకి ఫోన్ చేసి మిషను గొంతు పెట్టాను.

"బుధవారం రండి. నా పిల్లలు బాగున్నారు."

"అల్‌హమ్దులిల్లా! వాళ్లని చూసి ఎన్నాళ్లయింది?"

నా మిషను గొంతు నిలబడలేదు.

"నాలుగేళ్లు, మామా."

ఎప్పుడు కనిపెట్టిందో గడుసుది!

"రెండు గ్లాసుల్లో చాయ్ పోసుకుని ఇటు రా" అంది.