సోమ్లీ రవికె మీద అద్దాలు

దేవరకొండ దగ్గరి తండా, 8 నవంబరు 1948

ప్రియమైన డోరాకు,

లంబాడీల కుట్టుపని మీద డాక్యుమెంటరీ తీద్దామని వచ్చినవాణ్ణి, తల గోక్కుంటూ కూర్చున్నాను. తండా పెద్ద నాయక్, బాగా కుడుతుందని సోమ్లీని కెమెరా ముందు కూర్చోబెట్టాడు. రోజూ అద్దాల పని చూపించమంటాను. తలొంచుకుని సూది ఆడిస్తుంది. కానీ రవికె మీద నిన్న ముప్ఫై ఏడున్న అద్దాలు ఇవాళ ముప్ఫై నాలుగే! నాకు కళ్లు పోతున్నాయా, మతి పోతోందా? మీ తమ్ముడు పేతురు స్టూడియోలో ఈ రీలు కడిగించి చూడు.

నీ జీవరాజు

చిలకలగూడ, 12 నవంబరు

ప్రియమైన మావారికి,

రీలు చూశాం. సూది వెంట దారం గుడ్డలోంచి బయటికి వస్తోంది. చొక్కా తిరగేసి తొడుక్కుని చర్చికొచ్చిన మనిషి రీలు తిరగేసి ఎక్కించడం వింతా అని నేనూ పేతురూ నవ్వుకున్నాం. రెండోసారి చూస్తే నవ్వు రాలేదు. ఆమె వెనక పొయ్యి పొగ పైకే పోతోంది, కోళ్లు ముందుకే నడుస్తున్నాయి. తిరగబడింది రీలు కాదండీ. ఆమె కుట్టడం లేదు, విప్పుతోంది. ఎందుకో అడిగారా? ఇక్కడ ఎవరు ఎక్కడున్నారో, ఎవరి మాట నమ్మాలో తెలియడం లేదు. జాగ్రత్త.

మీ డోరా

తండా, 17 నవంబరు

ప్రియమైన డోరాకు,

అడిగాను. సోమ్లీ భర్త హీర్యా సెప్టెంబరులో, సైన్యం వచ్చిన వారమే, ఎడ్లు కొనడానికి మన ఇంటి దగ్గరి లష్కరు సంతకు వెళ్లి తిరిగి రాలేదు. రజాకార్లు చంపారని కొందరు, మిలిటరీ పట్టుకుపోయిందని కొందరు. నాయక్ మాత్రం పోయాడనే తేల్చాడు. ఈ తండాలో భర్త పోయినామె అద్దాల రవికె తొడగకూడదు. తన కుట్టు తానే విప్పుకోవాలి.

"దినాం ఒక్కటే తీద్దామనుకున్న సారూ. ఆఖరి అద్దం ఊడేదాంక నేను ముండను గాను," అంది.

నేను రోజూ చూపించమంటుంటే, నాయక్ ఎదుట కాదనలేక మూడేసి తీసింది. ఆమె దాచుకున్న రోజులు నా కెమెరా తినేసింది. సిగ్గుగా ఉంది డోరా. ఇక ఏడే ఉన్నాయి. అక్కడే తిరుమలగిరి వైపు మిలిటరీ క్యాంపులో ఖైదీలున్నారట. హీర్యా దగ్గర ఆమె కుట్టిచ్చిన పొగాకు సంచి ఉంటుంది. వెళ్లి చూస్తావా? ఉత్తరం బస్సు నడిపే సదాశివ చేతికిస్తున్నాను.

నీ జీవరాజు

చిలకలగూడ, 20 నవంబరు

ప్రియమైన మావారికి,

క్యాంపుకు వెళ్లాను. ఆ పేరుగలవాళ్లు లేరన్నారు. నోరు విప్పని మనిషి ఒకడున్నాడని, రిజిస్టరులో హుస్సేన్ అని ఉందని చూపించారు. ఆ పేరెవరు చెప్పారో గుమాస్తాకే తెలియదు. "సోమ్లీ" అన్నాను. తలెత్తి, నడుముకున్న సంచి విప్పి నా చేతిలో పెట్టాడు. ఆయనేనని ప్రమాణం చేయలేను. సంచులు చేతులు మారతాయి. సంచి సదాశివతోనే పంపుతున్నాను, ఆమెనే చెప్పమనండి.

మీ డోరా

తండా, 23 నవంబరు

ప్రియమైన డోరాకు,

సంచి అందేటప్పటికి రవికె మీద ఒక్క అద్దమే ఉంది. సోమ్లీ సంచి పైవైపు చూడనే లేదు. లోపలికి తిరగేసి ముడులు వేలితో తడిమింది. పై కుట్టు ఎవరైనా చూసి నేర్చుకోవచ్చట, వెనక ముడి మాత్రం ఎవరిది వాళ్లదే.

"నా ముడే. నా పేరు వినంగనే ఇచ్చిండు గద. ఆయనే," అంది.

ఎందుకు పట్టుకున్నారో, ఆ పేరెలా వచ్చిందో నాకింకా అంతుబట్టలేదు. ఆమెకు వాటితో పనిలేదు. రేపు బస్సులో ఇద్దరం వస్తున్నాం, పక్క వేసి ఉంచు. తీసిన అద్దాలన్నీ కొంగున ముడేసుకుని ఉంది. ఇప్పుడు ఒక్కొక్కటే మళ్లీ కుడుతోంది. నేను ఇంత దూరం వచ్చింది ఈ పని కోసమే. కెమెరా తెరిస్తే రీలు లేదు, అంతా విప్పడానికే అయిపోయింది.

పేతురును ఆ మొదటి రీలు చివరి నుంచి తిప్పమను. పొగ పొయ్యిలోకి దిగినా, కోళ్లు వెనక్కి నడిచినా ఫరవాలేదు. హీర్యా బయటికొచ్చాక చూపిద్దాం.

నీ జీవరాజు